బయట కూర్చున్న రోజులు

"ఈ నెల ఇంకా బయట చేరలేదేమే?"

అక్కయమ్మ కోడలి ముఖం చూసి అడగలేదు. మల్బరీ కొమ్మల కట్ట విప్పుతూ, ఆ కొమ్మలతో మాట్లాడినట్టు అడిగింది. ప్రమోద చేతిలో సున్నం గిన్నె ఉంది. పురుగులు నాలుగో జ్వరంలో ఉన్నాయి. జ్వరమంటే, పట్టుపురుగు మేత మానేసి, తల పైకెత్తి, పాత చర్మం వదిలేదాకా కదలకుండా ఉండిపోవడం. అప్పుడు అరల మీద పలచగా సున్నం చల్లి తడి లేకుండా చూడాలి. మేత వేసే పని ఉండదు కాబట్టి ఆ ఒక్కరోజూ ఇంట్లో ఆడవాళ్ళకు విశ్రాంతి అని ప్రమోద భర్త పురుషోత్తమ్ వచ్చినవాళ్ళందరికీ చెబుతుంటాడు. ఆ విశ్రాంతిలోనే ప్రమోద పొద్దున్నే లేచి, సున్నం చల్లి, సంగటి గెలికి, చారు పెట్టి, మిట్టేమరి రోడ్డు మీదికి నడిచి బడికి బస్సు పట్టుకోవాలి.

"రేపో ఎల్లుండో, అత్తా," అంది.

అది అబద్ధం. ఆమెకు నలభై తొమ్మిదేళ్ళు. నెలసరి ఆగిపోయి ఏడాది దాటింది. ఏడాదిగా నెలనెలా ఈ అబద్ధం చెబుతూనే ఉంది. చుట్టుపక్కల ఊళ్ళలో ఆడవాళ్ళు అది ఎప్పుడు ఆగుతుందా, పీడ ఎప్పుడు వదులుతుందా అని ఎదురుచూస్తారు. ఆగిన సంగతి దాచిపెట్టుకున్నది బహుశా ఆమె ఒక్కతే.

పురుగులు పెంచే ఇళ్ళలో కట్టుబాట్లు ఎక్కువ. అగరుబత్తి వెలిగించకూడదు. మిరపకాయ మాడకూడదు. బయటివాళ్ళు లోపలికి రాకూడదు. వీటికి కారణం ఉంది, పురుగు వాసన ఓర్చుకోలేదు. దీనితోపాటే ఇంకొకటి కూడా ఉంది. ముట్టైన ఆడది పురుగులింటి గడప తొక్కితే పురుగు ఒళ్ళు ఉబ్బి పాలలాంటి నీరు కారి చచ్చిపోతుందని. దీనికి కారణం ఎవరూ అడగలేదు. ప్రమోద కాపురానికి వచ్చిన మొదటి నెలలోనే అక్కయమ్మ ఆమెకొక చాప, ఒక కంచం, ఒక చెంబు ఇచ్చి వెనక పంచలో కూర్చోబెట్టింది. పురుగులిల్లు, వంటిల్లు, దేవుని గది, మూడూ మూడు రోజులు దూరం. ప్రమోద పుట్టిల్లు చింతామణిలో విత్తనాల అంగడి. అక్కడ అమ్మ ఆ రోజుల్లో కూడా తక్కెడ పట్టుకుని గిరాకీ చూసేది. ఇక్కడ పంచలో కూర్చుని, పక్కన కట్టేసిన ఎనుము తన వైపే చూస్తుంటే, ప్రమోదకు కళ్ళనీళ్ళు ఆగలేదు. కంచంలో అన్నం కొంచెం దూరం నుంచే వడ్డించి అత్త లోపలికి పోయింది. చదువుకున్నదాన్ని, టీచరు ట్రైనింగు టీసీహెచ్ పాసయ్యి సర్కారు ఉద్యోగం చేస్తున్నదాన్ని, ఎనుముకు దాణా వేసినట్టు వేశారే అనుకుంది.

రెండో నెల ఏడుపు రాలేదు. మూడో నెల ఒక సంగతి గమనించింది. సాయంత్రం బడినుంచి వచ్చి పంచలో కూర్చుంటే ఆమెను ఎవరూ పిలవడం లేదు. నీళ్ళు తెమ్మనరు, తాకకూడదు. పొయ్యి దగ్గరికి రమ్మనరు. మేత వేయమనరు. ఇల్లంతా పరుగులు పెడుతుంటే ఆమె చేతులు ఒళ్ళో ఊరికే ఉన్నాయి. ఆ చేతులను ఆమె అంతకుముందు అట్లా చూడలేదు. సంచిలో దిద్దిన పరీక్ష పేపర్లు ఉన్నాయి. ఒక పేపరు తిరగేసి, వెనక తెల్లగా ఉన్న చోట రాయడం మొదలుపెట్టింది. ఆ రోజు తరగతిలో ఒక పిల్ల అడిగింది, బాగేపల్లి బస్సులో మేకకు కూడా టికెట్టు కొట్టారు మిస్, మరి మేకకు సీటు యాలకు ఇయ్యలేదని. ఆ మేక కథ రాసింది. టికెట్టు నోట కరుచుకుని సీటు కోసం కండక్టరుతో కొట్లాడే మేక. ఆమె బడిలో పిల్లలకు ఇంట్లో తెలుగు, పుస్తకంలో కన్నడ. అందుకని కథ కన్నడలో నడిపించి, మేక మాటలు మాత్రం తెలుగులోనే ఉంచి, కన్నడ అక్షరాల్లో రాసింది. మరునాడు చదివి వినిపిస్తే పిల్లలు బెంచీలు కొట్టి నవ్వారు. మేక మా అవ్వ మాదిరి మాట్లాడతాది మిస్ అన్నారు. చదవడం రాదని వెనక బెంచీలో కూర్చోబెట్టిన పిల్లలు కూడా ఆ కాగితం అడిగి తీసుకుని కూడబలుక్కుని చదివారు.

అట్లా మొదలైంది. నెలకు మూడు సాయంత్రాలు, మూడు తెల్లవారుజాములు. మిగతా రోజుల్లో కథ తలలోనే తిరుగుతుండేది. కొమ్మలు అరల మీద పరుస్తూ ఒక వాక్యం అనుకునేది, గిన్నెలు తోముతూ ఇంకొకటి. అవి మరచిపోకుండా ముట్టు వచ్చేదాకా మోసేది. నడుము నొప్పి మొదలైతే ఆమెకు సంతోషమయ్యేది. ఆ సంతోషం తప్పో ఒప్పో ఆలోచించే తీరిక ఆమెకు లేదు. పాతికేళ్ళలో మూడు పుస్తకాలయ్యాయి. బెంగళూరులో పిల్లల పుస్తకాలు వేసే నేత్ర అనే అమ్మాయి వాటిని బొమ్మలతో అచ్చు వేసింది. తాలూకాలో సన్మానం చేశారు. చిక్కబళ్ళాపురంలో శాలువా కప్పారు. వేదిక మీద ఎవరో అడిగారు, ఇంటి పని, బడి పని, మరి రాసేదెప్పుడు మేడం అని. "సెలవుల్లో," అంది ప్రమోద. ఎప్పుడడిగినా అదే చెప్పేది. ముందు వరసలో పురుషోత్తమ్ తల ఊపేవాడు.

పురుషోత్తమ్ తాగడు, కొట్టడు. ఈ రెండూ చెప్పుకుని ఒక మగవాడు జీవితమంతా మంచివాడుగా బతికేయవచ్చు. అతను బతికాడు. ఇంటికి చుట్టాలు వస్తే పుస్తకాలు అతనే తెచ్చి చూపించేవాడు. "మా యింట్లో ఆమె ఖాళీగా ఉన్నప్పుడు గీకుతా ఉంటాది. నేనేమీ అడ్డం చెప్పలే," అనేవాడు. ఆ ఖాళీ ఏమిటో అతనికి ఎప్పుడూ అనుమానం రాలేదు. ఆమె పంచలో కూర్చున్నది చూశాడు. రాస్తున్నది చూశాడు. రెండూ కలిపి చూడలేదు. అడ్డం చెప్పకపోవడమే తాను చేసిన సాయం అనుకున్నాడు. ఏ రోజూ ఒక కొమ్మ తన చేత్తో అర మీద పరచి, నువ్వు పోయి రాసుకో అనలేదు. తోట అతనిది, బేరం అతనిది, శిడ్లఘట్ట మార్కెట్టులో పట్టుగూళ్ళు కుప్ప పోసి ధర వినేది అతను. మేత మాత్రం ఆడవాళ్ళ పని.

ఆడవాళ్ళంటే ప్రమోద, అక్కయమ్మ, కూలికి వచ్చే చౌడమ్మ. ఒకసారి ప్రమోద పంచలో ఉన్నప్పుడు చౌడమ్మ కొమ్మల మోపు నెత్తిన పెట్టుకుని పక్కనుంచే పురుగులింట్లోకి పోయింది. ప్రమోద ఉండబట్టలేక అడిగింది.

"ఏమ్మా చౌడమ్మా, నువ్వెప్పుడూ బయటుండవే? నీకు రాదా?"

చౌడమ్మ మోపు దించి, పమిటతో ముఖం తుడుచుకుని నవ్వింది. "రాకేమి మేడమ్మా. ఇప్పుడూ ఉండాది. మీ అత్త నన్ను అడగదు, నేను చెప్పను. అడిగితే మేత ఎవరేస్తారు? కూలోళ్ళకి ముట్టుండదమ్మా."

"మరి పురుగు?"

"నీ ముట్టు తెలుస్తాదంట దానికి. నాది తెల్దంట." చౌడమ్మ కొంగు బిగించింది. "నువ్వు కూర్చో తల్లీ. కూర్చోపెట్టేవాళ్ళుంటే నేనూ కూర్చుందును."

ఆ మాట ప్రమోదను చాలాకాలం పొడిచింది. తాను రాసిన కథలు చౌడమ్మ వీపు మీద కూడా నిలబడి ఉన్నాయి. ఆ రోజునుంచి పంచలో కూర్చున్నప్పుడు కలం మీద చేయి బరువుగా ఉండేది. అయినా రాయడం మానలేదు. మానితే చౌడమ్మ మోపు తేలికవుతుందా? కాదు. ప్రమోద నెత్తికి కూడా ఒక మోపు వస్తుంది, అంతే.

నలభై ఎనిమిదో ఏట నెలసరి అటూ ఇటూ తప్పి, చివరికి రాకుండా పోయింది. కూతురు నయన బెంగళూరులో ఉద్యోగం చేస్తుంది. తల్లిని ఆమే డాక్టరు దగ్గరికి తీసుకుపోయింది. అంతా బాగానే ఉందమ్మా, వయసు, అంది డాక్టరు. తిరిగివచ్చే బస్సులో ప్రమోద కిటికీలోంచి చూస్తూ లెక్క వేసుకుంది. నాలుగో పుస్తకం సగంలో ఉంది. దాగుడుమూతల ఆటలో ఒక పిల్ల ఎంత బాగా దాక్కుంటుందంటే వెతికేవాళ్ళు విసుగొచ్చి ఇళ్ళకు పోతారు. కథ అక్కడ ఆగింది. ఆ పిల్లను బయటికి తేవాలంటే ఆ సాయంత్రాలు కావాలి. తరువాతి నెల, ఎప్పటిలాగే ఒక రోజు చూసుకుని, చాప తీసుకుని పంచలోకి పోయింది. ఎవరూ ఏమీ అడగలేదు. తన సమయాన్ని తానే దొంగిలించుకుంటున్నానని ఆమెకు తెలుసు.

అక్కయమ్మ ఆ ప్రశ్న అడిగిన మరునాటికి పురుగులు జ్వరం లేచాయి. లేచిన పురుగుకు ఆకలి ఎక్కువ. ఎంత వేసినా వాన పడుతున్న చప్పుడుతో తింటూనే ఉంటుంది. ఇంటి మీద పనంతా అప్పుడే పడుతుంది. ప్రమోద అప్పుడే చాప వేసుకుంది. అక్కయమ్మ గొణిగింది కాని రమ్మనలేదు. ఆదివారం. నయన బెంగళూరునుంచి వచ్చింది. సంచి ఇంకా భుజాన ఉండగానే పంచలోకి తొంగిచూసింది.

"ఏమ్మా, ఇక్కడ కూర్చుండావు? ఒంట్లో బాగలేదా?"

ప్రమోద కళ్ళతో వద్దని చెప్పింది. నయనకు అర్థం కాలేదు.

"బయటనా? నీకు ఆగిపోయి యాడాది అయ్యింది కదమ్మా! మళ్ళీ వచ్చిందా? అట్ల రాకూడదంట. రేపే డాక్టరు దగ్గరికి పోదాం పద."

వంటింటి గడప దగ్గర అక్కయమ్మ చేటతో నిలబడి ఉంది. నయన అవ్వ ముఖం చూసింది, తల్లి ఒళ్ళో కాగితాలు చూసింది. నోటిమీద చెయ్యి పెట్టుకుంది. అప్పటికే ఆలస్యమయింది.

అక్కయమ్మ చేట కింద పెట్టి వచ్చి కోడలి ఎదురుగా నిలబడింది. అరవలేదు. "అయితే ఇన్ని నెల్లూ ఊరికే కూర్చుండావా?"

ప్రమోద ఒళ్ళో కాగితాలు దగ్గరికి తీసుకుంది.

"నాకు నలభై నిండకముందే గర్భసంచి తీసేసినారే. ఆపొద్దు నుంచి ఒక్క పూట... ఒక్క పూట నేను బయట కూర్చోలే." ముసలామె గొంతులో ఉన్నది కోపమో ఇంకేమైనానో ప్రమోదకు తెలియలేదు. ఆ ఒక్క క్షణం అత్తను చేయి పట్టుకుని పక్కన కూర్చోబెట్టుకుందామనిపించింది. అంతలో అక్కయమ్మ బొడ్లోంచి తాళంచెవి తీసి చాప మీద వేసింది. "మంచిదే అయ్యింది. ఇంగ నీకు అడ్డం లేదు. దేవుని గది, పురుగులిల్లు, అన్నీ నువ్వే చూసుకో. లెయ్. పురుగు ఆకలికి అల్లాడతాండాది."

అది గౌరవం. ఆ ఇంట్లో ఆడదానికి ఇచ్చే పెద్ద గౌరవం అదే. ప్రమోద తాళంచెవి తీసుకుని లేచింది. కాగితాలు బీరువాలోకి పోయాయి.

పురుషోత్తమ్‌కు సంగతి భోజనాల దగ్గర తెలిసింది. కోప్పడలేదు. పొలమారేదాకా నవ్వాడు. "పోనీలే, నెలకు మూడు దినాలు కలిసొచ్చినాయి," అన్నాడు. ఆ మాటను అతను చాలా రోజులు వాడుకున్నాడు. గూళ్ళు తీసుకుపోవడానికి వచ్చిన టెంపో డ్రైవరు రామప్పతో, ప్రమోద కాఫీ అందిస్తూ ఉండగానే అన్నాడు: "మా టీచరమ్మకు బడిలో సీ.ఎల్. అయిపోతే ఇంట్లో ముట్టు లీవు పెడతాదప్పా." రామప్ప ఆమె వైపు చూడలేక కాఫీలోకి చూశాడు. ప్రమోద ఖాళీ లోటాలు తీసుకుని లోపలికి వచ్చింది. కుళాయి తిప్పింది. నీళ్ళు పోతున్నాయి, ఆమె లోటా తోమడం లేదు. పదిమందిలో నన్ను విప్పి చూపించాడు, అతనికది జోకు, అనుకుంది.

ఇంట్లో, హాల్లో, బల్ల దగ్గర కూర్చుని రాయడానికి ప్రయత్నించింది. నిజంగానే ప్రయత్నించింది. కలం మూత తీస్తే చాలు, అత్త మాత్రలు అడిగేది. గ్యాసు మీద పాలున్నాయి చూడు అని కేక. చౌడమ్మ మేత చాలదంటాంది అని ఒకటి. పురుషోత్తమ్ తన అంగీ తనే వెతుక్కోగలడు, కాని ఆమె కంటబడితే వెతుక్కోడు. కంటబడకుండా ఉండటమే ఆమె ఇన్నేళ్ళ అదృష్టం. ఇప్పుడు ఆమె ఎప్పుడూ కంటబడుతూనే ఉంది. బడిలో బిసియూటం అనే మధ్యాహ్న భోజనం లెక్కలు, ఫోటోలు తీసి పంపడాలు. నేత్ర ఫోను చేసేది. "మేడం, ఆ పిల్ల దొరికిందా? మా బొమ్మలాయన కూడా ఎదురుచూస్తాండాడు." వస్తుంది, వస్తుంది అనేది ప్రమోద. ఒక పంట ముగిసింది, ఇంకొక పంటకు పురుగులు తెచ్చి దించారు. కొమ్మలు పరుస్తూ అనుకున్న వాక్యాలు సాయంత్రానికి నిలవడం లేదు. మోసుకుపోయి దించే చోటు లేకపోతే ఎంతకాలం మోస్తుంది? ఒకరోజు తరగతిలో పిల్లలు కొత్త కథ చెప్పమంటే పాత మేక కథే చెప్పింది. పిల్లలు మర్యాదకు నవ్వారు. పిల్లలు మర్యాదకు నవ్వడం ఆమె అదే మొదటిసారి చూసింది.

ఆ పంట గూళ్ళు అమ్మకానికి పోయే రోజే చింతామణిలో ఒక బడివాళ్ళు పిల్లల పండుగకు ఆమెను పిలిచారు. పురుషోత్తమ్ శిడ్లఘట్టలో గూళ్ళు అమ్మేసి, సొంత కారులో ఆమెను తనే తీసుకుపోయాడు. ధర బాగా పలికింది, హుషారుగా ఉన్నాడు. వేదిక ఎదురుగా ముందు వరసలో కూర్చుని ఫోను చూసుకుంటున్నాడు. హెడ్‌మిస్ట్రెస్ సుజాతమ్మ మైకు పట్టుకుని పిల్లలను ప్రశ్నలు అడగమంది.

"మిస్, మేకకు టికెట్టు దుడ్లు యాడివి?"

"గొర్రె దగ్గర అప్పు తీసుకుంది," అంది ప్రమోద. హాలంతా గొల్లుమంది.

"మిస్, మీ మేకకు పెండ్లయిందా?" ఒక పిల్లవాడు. సుజాతమ్మ కళ్ళురిమింది.

తరువాత ఒక పిల్ల లేచింది. ఆరో ఏడో తరగతి ఉంటుంది. రెండు జడలు, చేతులు కట్టుకుని నిలబడింది. "మిస్, మీరు ఎప్పుడు రాస్తారు మిస్?"

సెలవుల్లో అనే మాట నాలుక చివరిదాకా వచ్చింది. ముందు వరసలో పురుషోత్తమ్ అలవాటు ప్రకారం తల ఊపడానికి తయారుగా ఫోనునుంచి ముఖం ఎత్తాడు. ప్రమోద ఆ తలను చూసింది. ఇన్నేళ్ళు ఈ తల ఊగడానికే నేను అబద్ధం చెప్పాను అనుకుంది.

"మా ఇంట్లో పట్టుపురుగులు సాకుతారు," అంది. "నెలకు మూడు దినాలు ఆడవాళ్ళను బయట కూర్చోపెడతారు. మీకు తెలుసు. ఆ మూడు దినాలు నాకు ఎవరూ పని చెప్పరు. అప్పుడు రాసినా. మూడు పుస్తకాలూ అట్ల రాసినవే. సెలవుల్లో రాసినా అని అన్ని చోట్లా చెప్పినా. అది అబద్ధం."

మగపిల్లలు కొందరు ఒకరినొకరు గిల్లుకున్నారు. సుజాతమ్మ మైకు కోసం చేయి చాచింది. అడిగిన పిల్ల మాత్రం కూర్చోలేదు.

"మా అమ్మ కూడా మిస్," అంది. "మా అమ్మ ఆ మూడు దినాలే పగలు పండుకుంటాది."

వెనకనుంచి ఇంకొక గొంతు, "మా అమ్మ అప్పుడే సీరియల్ చూస్తాది మిస్."

ఎవరూ నవ్వలేదు. రెండు జడల పిల్ల ప్రమోద నెరిసిన జుట్టు వైపు చూసింది. పిల్లలు చూసినట్టే, దాపరికం లేకుండా చూసింది.

"మరి ఇప్పుడెప్పుడు రాస్తారు మిస్?"

ప్రమోద మైకు పట్టుకుని నిలబడింది. ఇరవై ఏళ్ళకు పైగా పిల్లల ప్రశ్నకు జవాబు లేదని ఆమె ఎప్పుడూ అనలేదు. తెలియకపోతే కల్పించి చెప్పేది. "చెప్తానమ్మా," అంది చివరికి. "ముందు నేను తెలుసుకుంటా."

తిరుగుదారిలో ఊరు దాటగానే పురుషోత్తమ్ మొదలుపెట్టాడు.

"అంతమందిలో ఆ మాట చెప్పాలనా? ఎవరేమనుకుంటారు? మా అమ్మ వింటే ఏమైతాది?"

"రామప్పకు మీరు చెప్పినప్పుడు ఏమైంది?"

"అది ఊరికే నగేదానికి."

"నాది నగేదానికి కాదు."

అతను కారు వేగం పెంచాడు. తగ్గించాడు. "ఇంట్లో ఏం తక్కువ చేసినామే నీకు? నిన్ను రాయొద్దని ఎవరన్నా అన్నారా? నేను ఒక్క దినమన్నా అన్నానా?"

"అనలేదు." ప్రమోద కిటికీ అద్దం దించింది. గాలి వచ్చింది. పనికి రానని చెప్పాలని ఎన్నిసార్లు అనుకుందో, ప్రతిసారీ మాట దగ్గరికి వచ్చి ఒక కారణం కోసం వెతుక్కుంది. ఒంట్లో బాగలేదని, నడుము నొప్పని, బడిలో తనిఖీ అని. కారణం దొరికితేనే నోరు లేచేది. ఇప్పుడు వెతికితే ఒక్కటీ దొరకలేదు. దొరక్కపోయినా నోరు లేచింది. అది ఆమెకే వింతగా ఉంది.

"వచ్చే పంటకు చౌడమ్మకు తోడు ఇంకొక ఆడమనిషిని పెట్టుకోండి. ఇద్దరికీ నెలలో వాళ్ళు అడిగిన దినాలు కూలి కోయకుండా సెలవియ్యండి. నేను సాయంత్రం పురుగులింట్లోకి రాను. వంట మీరూ నేనూ పంచుకుందాం."

పురుషోత్తమ్ కారు రోడ్డు పక్కన ఆపేశాడు. ఆమె వైపు పూర్తిగా తిరిగాడు. అతని ముఖంలో కోపం కంటే కంగారు ఎక్కువగా ఉంది.

"ఏమే, ఏమైంది నీకు?"

"ఏమీ కాలేదు," అంది ప్రమోద. "ఏమీ కాకపోయినా రాను."